ఇవాళ ఏ రోజు, మనం ఏ ఊళ్ళో?

గృహప్రవేశంలోనో సత్యనారాయణ వ్రతంలోనో సంకల్పం చెప్పిస్తున్నప్పుడు చూడండి. పురోహితుడు "అద్య బ్రహ్మణః ద్వితీయ పరార్ధే, శ్వేతవరాహ కల్పే, వైవస్వత మన్వంతరే" అని సాగిపోతుంటే సగంమంది కర్పూరం ఎక్కడ పెట్టామా అని వెతుక్కుంటుంటారు. గోత్రం, పేర్ల దగ్గరకొచ్చాకే చెవులు నిక్కబొడుచుకుంటాయి. అసలు సంగతి అప్పటికే దాటిపోయి ఉంటుంది.

విప్పి చూస్తే సంకల్పం మొదటి సగం ఒక తేదీ, ఒక చిరునామా. కాలం బ్రహ్మ వయసు దగ్గర మొదలై యుగం, సంవత్సరం, అయనం, ఋతువు, మాసం, పక్షం, తిథి, వారం, నక్షత్రం దాకా దిగుతుంది. స్థలం ద్వీపం దగ్గర మొదలై వర్షం (వాన కాదు, ద్వీపంలో ఒక భాగం), ఖండం, కొండ, నది, ఇల్లు దాకా దిగుతుంది. పూజ ఉన్నా లేకపోయినా, పొద్దున్నే ఫోను ముట్టుకునే ముందు రెండు నిమిషాలు ఇది సొంతంగా చెప్పుకోవాలన్నదే నా వాదన. సంస్కృతం రాకపోతే తెలుగులోనే చెప్పుకోవచ్చు. కల్పాలు, మన్వంతరాల మీద నమ్మకం లేనివారు అవి వదిలేసి ఊరూ రోజూ ఉంచుకోవచ్చు.

రోజూ పడుకునేముందు మూడు మంచి విషయాలు రాసుకొమ్మని ఈమధ్య అందరూ చెబుతున్నారు. మంచిదే. కానీ కుటుంబం, ఆరోగ్యం, ఉద్యోగం అని నాలుగోరోజుకే అది అరిగిపోతుంది. సంకల్పానికి ఆ ఇబ్బంది తక్కువ, ఎందుకంటే అందులో కొన్ని మాటలు దాదాపు రోజూ మారతాయి. నిన్నటి తిథి, నిన్నటి వారం ఇవాళ పనికిరావు. ఇవాళ్టివేమిటో తెలుసుకోక తప్పదు.

మనలా విదేశాల్లో ఉన్నవాళ్ళకు చిక్కు వచ్చేదీ అక్కడే. తిథి అంటే సూర్యుడికీ చంద్రుడికీ మధ్య దూరం 12 డిగ్రీలు పెరగడానికి పట్టే కాలం. చంద్రుడి వేగం ఒక్కలా ఉండదు గనుక అది సుమారు 20 నుంచి 27 గంటల దాకా ఉంటుంది. అది ముగిసే క్షణం ప్రపంచమంతటికీ ఒక్కటే. ఏ రోజుకు ఏ తిథి అన్నది మాత్రం మనమున్న ఊరి సూర్యోదయాన్ని బట్టి. హైదరాబాదులో బుధవారం ఉదయం 8 గంటలకు పంచమి వెళ్ళిపోతుందనుకుందాం. అక్కడ పొద్దు పొడిచేటప్పటికి పంచమి ఉంది, కాబట్టి బుధవారం పంచమి. అదే క్షణానికి న్యూజెర్సీలో, చలికాలమైతే, మంగళవారం రాత్రి 9:30. బుధవారం ఇక్కడ తెల్లవారేసరికి షష్ఠి నడుస్తుంటుంది. మన పంచమి మంగళవారమే.

అలాగని "అమెరికాలో అన్నీ ఒకరోజు ముందే" అనేదీ తప్పే. హైదరాబాదులో పంచమి బుధవారం రాత్రి 10 దాకా ఉంటే ఇక్కడ బుధవారం ఉదయం 11:30 దాకా ఉన్నట్టు. తేదీ మారదు. లెక్క సులువు: మీ సూర్యోదయం భారత కాలమానంలో ఎంతవుతుందో చూసుకోండి. చలికాలంలో న్యూజెర్సీ ఉదయం 7 అంటే అక్కడ సాయంత్రం 5:30. తిథి అంతకుముందే ముగిస్తే మనకు ఒకరోజు ముందు, తర్వాత ముగిస్తే అదే తేదీ. కాలిఫోర్నియాకు తేడా పదమూడున్నర గంటలు కాబట్టి ఆ గీటు రాత్రి 8:30కి జరుగుతుంది. మార్చి రెండో ఆదివారం గడియారం ముందుకు జరిపాక తేడాలో గంట తగ్గించాలి, నవంబరు మొదటి ఆదివారం మళ్ళీ కలపాలి. ఇదంతా ఎందుకనుకుంటే పంచాంగం యాప్‌లో ఊరు మార్చుకుంటే చాలు. మార్చకుండా వదిలేస్తే అది హాయిగా ఇండియా తిథే చూపిస్తుంది. పండుగలకు సూర్యోదయమొక్కటే కొలత కాదు, దీపావళికి ప్రదోషం, శివరాత్రికి అర్ధరాత్రి చూస్తారు. ఆ గొడవ గుడివారికి వదిలేద్దాం.

యాప్ చెప్పింది నిజమో కాదో ఆకాశం చెబుతుంది. నాకు ఇందులో అన్నిటికన్నా ఇష్టమైన భాగం ఇదే. పున్నమి మర్నాడు తెల్లవారుజామున చంద్రుడు పడమట దిగుతుంటాడు. బహుళ అష్టమినాటికి పొద్దు పొడిచే వేళ నడిమింట ఉంటాడు. బహుళ త్రయోదశికి సూర్యుడికి కాస్త ముందుగా తూర్పున సన్నటి గీతలా లేస్తాడు. శుక్లపక్షంలో పొద్దున వెతికి లాభం లేదు, సాయంత్రం చూడాలి. పున్నమి చంద్రుడు కృత్తికల దగ్గరుంటే కార్తికం, చిత్త దగ్గరుంటే చైత్రం. డాలస్‌లో చూసినా దుబాయిలో చూసినా అంతే. కిటికీ తెర తీసి పది సెకన్లు చూడటానికి డౌన్ జాకెట్ కూడా అక్కర్లేదు.

సంవత్సరం పేరు ఏడాదికోసారి నేర్చుకుంటే సరిపోతుంది. 2026 మార్చి 19 ఉగాదితో వచ్చేది పరాభవ. పేరు చూసి బెదరకండి. అరవై ఏళ్ళకోసారి వస్తుంది, 1966లో పుట్టినవారిలో చాలామంది పరాభవలో పుట్టినవారే.

ఋతువు దగ్గర మాత్రం సిడ్నీ, ఆక్లండ్‌వాళ్ళకు న్యాయం జరగడం లేదు. వాళ్ళకు ఉగాది ఆకులు రాలే కాలంలో వస్తుంది. అయినా "వసంత ఋతౌ" అనాల్సిందేనా? నెల పేరు మార్చలేం, అది చంద్రుడిది. సూర్యుడు ఉత్తరానికి నడవడమూ ఎక్కణ్ణుంచి చూసినా నిజమే. ఋతువు మాత్రం నేలది. పూజలో పురోహితుడు చెప్పినట్టే చెప్పండి, పొద్దున మీకు మీరు చెప్పుకునేటప్పుడు కిటికీలో కనబడిందే చెప్పండి.

ఇక చిరునామా. విజయవాడలో "శ్రీశైలస్య ఈశాన్య ప్రదేశే" అంటారు, హైదరాబాదులో "వాయవ్య ప్రదేశే". అంటే ఊరు మారితే మాట మార్చడం మనకు కొత్తేమీ కాదు. అమెరికాలో చాలామంది పురోహితులు జంబూద్వీపం, భరతవర్షం బదులు "క్రౌంచద్వీపే, రమణక వర్షే" అంటారు. పాఠాలు మనిషిని బట్టి కొంత మారతాయి. నది దగ్గర మాత్రం కచ్చితంగా ఉండొచ్చు. ఎడిసన్‌వాళ్ళకు రారిటన్, అల్ఫారెటా వైపువాళ్ళకు చాటహూచీ, డాలస్‌వాళ్ళకు ట్రినిటీ, మెల్‌బోర్న్‌వాళ్ళకు యారా. పదిహేనేళ్ళుగా వంతెన దాటుతూ దాని కింది నది పేరు తెలియనివాళ్ళు మనలో తక్కువేం కాదు.

ఏ నీళ్ళు తాగుతున్నామో తెలుసుకోవడం ఇంకా తేలిక. అమెరికాలో ఊరికి నీళ్ళిచ్చే సంస్థలు ఏటా జులై 1లోగా నీటి నాణ్యత నివేదిక వినియోగదారులకు అందజేయాలి. అది ఎప్పుడూ చెత్తబుట్టలోకే పోతుంది. ఈసారి తెరవండి, నీరు ఏ నది నుంచి, ఏ జలాశయం నుంచి వస్తోందో అందులో ఉంటుంది. శాన్‌ఫ్రాన్సిస్కోలో "గంగేచ యమునేచైవ" అనుకుంటూ స్నానం చేసేవారి నెత్తిన పడేది ఎక్కువగా తువాలమీ నది నీళ్ళు. యోసెమిటీ కొండల్లో కరిగిన మంచు హెచ్ హెచీ జలాశయం మీదుగా వస్తుంది. ఆ శ్లోకంలోని ఏడు నదుల్లో మన కృష్ణమ్మకే చోటు లేదు. బెజవాడవాళ్ళు ఏనాటి నుంచో కృష్ణలో మునిగి గోదావరి పేరు చెప్పి సర్దుకుంటూనే ఉన్నారు. ఏడింటి తర్వాత కృష్ణనూ తువాలమీనీ కలిపి చెప్పుకుంటే కాదనేదెవరు?