ఆ ల్యాగ్‌ని అలాగే ఉంచండి

రితేశ్ బత్రా తీసిన 'ది లంచ్‌బాక్స్' సినిమా 2013 నాటిది. ఇప్పటికీ ఎవరికైనా చూడమని చెబితే, చూశాక వాళ్లనే మాట ఒకటే: "బాగుంది గానీ ల్యాగ్ ఎక్కువ." ఈ మాట వింటే నాకు కోపం వస్తుంది. ఒంటరితనం అంటేనే గడవని పొద్దు, దాన్ని పరుగెత్తించి ఎలా చూపిస్తారు?

కథ తెలిసిందే. ఇళ్ల నుంచి ఆఫీసులకి భోజనం చేరవేసే ముంబయి డబ్బావాలాల చేతుల్లో ఒక క్యారియర్ దారి తప్పి, ఇల అనే గృహిణి తన భర్త కోసం వండింది రిటైర్మెంట్ దగ్గరపడ్డ ఫెర్నాండెజ్ అనే ఉద్యోగి టేబుల్ మీదికి చేరుతుంది. గిన్నెలు ఖాళీగా తిరిగొచ్చాయని ఆమె మురిసిపోయి మర్నాడు చీటీ పెడితే, ఆయన జవాబేంటంటే ఇవాళ ఉప్పు ఎక్కువైందని! థ్యాంక్స్ కూడా లేదు. కానీ ఆమె చేతి వంటని ఒక మనిషి గమనించి తిన్నాడు, ఇంట్లో మొగుడు చెయ్యని పని అది. డల్లాస్‌లో ఉన్న కొడుకు ఫోన్ ఎత్తగానే మన అమ్మలు ముందు "తిన్నావా?" అనే అడుగుతారు కదా, ఆ ప్రశ్నలో ఉన్నదంతా ఆ ఉప్పు మాటలోనూ ఉంది.

ఫెర్నాండెజ్‌గా ఇర్ఫాన్ ఖాన్ రాత్రిపూట సిగరెట్ కాలుస్తూ ఎదురింటివాళ్లు కలిసి భోంచేయడం చూస్తుంటాడు. అంతే సీను. రెండు షాట్లలో తేల్చేస్తే అతను ఒంటరివాడని మనకి తెలుస్తుంది, ఆ రాత్రి ఎంత పొడుగో మాత్రం తెలియదు.

ఇద్దరూ కలవనే కలవరు, ముగింపూ తేల్చరు, అలాంటప్పుడు ఇంత ఓపిక ఎందుకు పట్టాలి అంటారు. రోజంతా ట్రాఫిక్‌లో నలిగి ఇంటికొచ్చినవాళ్లు అడగదగ్గ ప్రశ్నే. కాకపోతే హోటల్లో ఆమె ఎదురుచూస్తుంటే, తను ముసలివాడినైపోయానని ఆయన దూరం నుంచే చూసి వెళ్లిపోయాడే, అది మన గుండెకి తగలాలంటే అంతసేపూ మనమూ వాళ్లతో ఎదురుచూసి ఉండాలి.

నన్ను అన్నిటికన్నా పట్టి కుదిపేసింది ఇల వాళ్ల పై అంతస్తు దేశ్‌పాండే ఆంటీ. సినిమా మొత్తంలో ఆమె మొహం చూపించరు, భారతీ ఆచ్రేకర్ గొంతు వినిపిస్తుంది, తాడు కట్టిన బుట్ట కిందికి దిగుతుంది. ఆమె భర్త ఏళ్ల తరబడి కోమాలో, తిరిగే ఫ్యాన్ వైపు చూస్తూ పడి ఉంటాడు. పిల్లలు అమెరికాలో, మంచం పట్టిన మనిషి పక్కగదిలో, ఇలాంటి ఆంటీలు మన కూకట్‌పల్లి అపార్ట్‌మెంట్లలోనూ ఉన్నారు. బ్రిటన్ 2018లో, జపాన్ 2021లో ఒంటరితనం సంగతి చూడమని ఏకంగా మంత్రులకే అప్పగించాయి. మనమేమో లిఫ్ట్‌లో పక్క ఫ్లాట్‌వాళ్లు ఎదురైతే తల దించుకుని ఫోన్ చూసుకుంటాం, ఇంటికొచ్చి అదే ఫోన్లో సినిమాని ఒకటిన్నర స్పీడులో పెడతాం. ఈ రెండూ ఒకే జబ్బు అని నా గట్టి నమ్మకం. ఎదుటి మనిషి ఊరికే కూర్చుని ఉంటే భరించలేకపోతున్నాం.

ఇల మాత్రం వంటింటి కిటికీలోంచి తలెత్తి "ఆంటీ!" అని ఒక్క కేక పెట్టేది. పైనుంచి వెంటనే పలికేవారు.