హంగర్ మీటరు గారూ, కాస్త ఆగండి!

గౌరవనీయులైన హంగర్ మీటరు గారికి,
స్క్రీన్ కుడి పై మూల, గుండె పక్కన, మెదడుకి పైన.

అయ్యా,

ఉభయకుశలోపరి అని మొదలుపెట్టాలనే ఉంది. కానీ ఈ కంప్యూటర్ ఆట అడవిలో కుశలంగా ఉన్నది తమరొక్కరే. ప్రాణం లెక్క చూపే గుండె సగానికి పడిపోయింది. మతి నిలకడ చూపే మెదడు కరిగిపోయి తెర అంచులు వణుకుతున్నాయి. ఆకలి కొలిచే తమరు మాత్రం నూటయాభైకి నూటపది దగ్గర నిక్షేపంగా కూర్చుని, ఏదో ఒకటి పెట్టమని చూస్తున్నారు.

వాంకూవర్‌లోని క్లెయ్ ఎంటర్‌టైన్‌మెంట్ వాళ్లు 2013లో ఈ ఆట తెచ్చినప్పుడు బోర్డు మీద మీ పేరే రాయించారు: డోంట్ స్టార్వ్. పస్తుండొద్దు అని. తర్వాత నలుగురూ కలిసి ఆడుకునే డోంట్ స్టార్వ్ టుగెదర్ వచ్చింది, దానికీ మీ పేరే. గుండెకి గానీ మెదడుకి గానీ ఆ వైభోగం లేదు. ఇక చీకటికైతే తెర మీద మీటరే లేదు, గడియారం ముఖాన ఓ ముదురు ముక్క తప్ప. చలికాలానికి ఆ ముక్క కూడా లేదు. మా ఫిర్యాదంతా ఇదే. తెర మీద సీటున్నవాళ్ల మాటే అందరూ వింటున్నారు. చంపేవాళ్లు మాత్రం సీటు లేనివాళ్లు.

మీ లెక్క మీకే ఒకసారి అప్పజెబుతాం. విల్సన్ అనే పాత్రతో, ఏ సెట్టింగూ మార్చకుండా ఆడితే, మీ నిండు కడుపు 150. ఆటలో ఒక రోజంటే బయట 8 నిమిషాలు. ఆ 8 నిమిషాల్లో మీరు అరిగించుకునేది 75. అంటే దిగిన క్షణం నుంచి ఒక్క గింజ నోట పెట్టకపోయినా రెండు రోజుల పాటు మీరు సున్నాకి రారు. వచ్చాక కూడా అక్కడికక్కడే కొంప మునగదు. సెకనుకి 1.25 చొప్పున గుండె తరుగుతుంది, నిండుగా ఉన్న 150 పోవడానికి 2 నిమిషాలు పడుతుంది. ఈలోగా ఒక్క క్యారట్ పీకి నమిలినా 12.5 వస్తుంది, అంటే ఇంకో 80 సెకన్ల వాయిదా. ఇంత దయగల శత్రువు ఈ అడవిలో మరొకరు లేరు. అయినా కొత్తగా దిగినవాళ్లందరూ ముందు మీకే మొక్కుతారు.

అరిచే కుక్క కరవదన్న సామెత ఈ ఆటలో ఒక్క మీకే సరిపోతుంది. హౌండ్లు అనే వేటకుక్కలు ముందు దూరం నుంచి అరుస్తాయి, తర్వాత వచ్చి కరుస్తాయి కూడా. చీకటి ఒక్కసారి బుసకొట్టి ఊరుకుంటుంది, ఆ తర్వాత దెబ్బే.

మొదటి సాయంత్రం ఎలా జరుగుతుందో దగ్గర్నుంచి చూడండి. రోజు గడియారంలో 16 ముక్కలుంటాయి, ఒక్కొక్కటి 30 సెకన్లు. ఆకురాలు కాలంలో 8 ముక్కలు పగలు, 6 ముక్కలు సంధ్య, చివరి 2 రాత్రి. ఆ సంధ్య మూడు నిమిషాలూ తెరంతా ఎర్రమట్టి రంగులోకి తిరిగి, ఇంక ఆపండ్రా అని మొత్తుకుంటూనే ఉంటుంది. మన మనిషి జేబులో 14 బెర్రీలు, 6 క్యారట్లు, ఒకే ఒక్క పుల్ల. ఎదురుగా ఎర్రగా కాసిన ఇంకో పొద. మీరు 90 దగ్గర ఉన్నారు, దాన్ని చూసి కంగారుపడి ఆ పొద మీద క్లిక్ చేస్తాడు. వంగుతాడు, కోస్తాడు, లేస్తాడు. అంతే, తెర నల్లబడుతుంది. ఏదో బుసకొట్టిన చప్పుడు. కొన్ని క్షణాల్లో చీకట్లో దాడి చేసే చార్లీ ఒక్క దెబ్బ వేస్తుంది, అది 100. గుండె మొత్తమే 150, రెండో దెబ్బకి ఇక లెక్కపెట్టడానికేమీ మిగలదు. జేబులో 15 బెర్రీలున్నాయి గానీ బెర్రీలతో నెగడు వెలగదు కదా.

అదే జేబులో 2 గడ్డి కట్టలు, 2 పుల్లలు ఉండుంటే కాగడా అయ్యేది. దానికి ఏ యంత్రమూ అక్కర్లేదు, చీకటి పడ్డాక నిలబడ్డ చోటే చేసుకోవచ్చు. కాగడా మండేది 75 సెకన్లు, ఆకురాలు కాలపు రాత్రి 60 సెకన్లు. ఒక రాత్రికి ఒక కాగడా, ఇంకా పదిహేను సెకన్లు మిగులు. చేతిలోంచి తీసేస్తే ఆరి, మిగిలిన ఆయుష్షు అలాగే ఉంటుంది. ఈ చిన్న కూడిక తెలిసినవాళ్లు మొదటి రాత్రుళ్లు కూర్చోరు, కాగడా పట్టుకుని మ్యాపు తెరుచుకుంటూ పోతారు. నెగడుకైతే 3 గడ్డి, 2 దుంగలు కావాలి. దుంగలకి గొడ్డలి కావాలి, గొడ్డలికి ఒక పుల్ల, ఒక చెకుముకిరాయి. నెగడు దగ్గర బెర్రీలు కాల్చుకోవచ్చు, అదొక్కటే దాని గొప్ప. ఆరిపోయాక బూడిద తప్ప ఏమీ మిగలదు. 12 రాళ్లు, 2 దుంగలు పెట్టి కట్టే ఫైర్ పిట్ అలా కాదు, ఆరినా గుంట అక్కడే ఉంటుంది. కానీ మొదటి రోజే దాని కోసం రాళ్లు కొడుతూ కూర్చోవడం కూడా అత్యాశే, ఎందుకంటే ఎక్కడ ఉండాలో ఇంకా తెలియదు.

తమరి రెండో ఘనకార్యం పక్కింటివాళ్ల ఖర్చుతో బతకడం. ఆకలి రుచెరగదంటారు. మీ విషయంలో ఆకలి గుండెనీ మెదడునీ కూడా ఎరగదు. పచ్చి మాన్‌స్టర్ మీట్, అంటే రాక్షస జంతువుల మాంసం, తింటే మీకు 18.75 వస్తుంది, గుండెకి 20, మెదడుకి 15 పోతుంది. కాల్చి తింటే గుండెకి 3తో సరిపోతుంది గానీ మెదడుకి 10 బొక్కే. ఎర్ర పుట్టగొడుగు పచ్చిగా తింటే మీకు 12.5, గుండెకి 20 నష్టం. ఆకుపచ్చది పచ్చిగా తింటే మీకు అదే 12.5, మెదడుకి ఏకంగా 50 గల్లంతు. చిత్రమేమిటంటే అదే ఆకుపచ్చది కాల్చి తింటే మెదడుకి 15 తిరిగొస్తుంది, మీకు మాత్రం గుండు సున్నా. అందుకేనేమో దాన్ని కాల్చమని మీరెప్పుడూ చెప్పరు.

అతిగా తినిపించడం మూడోది. మీట్‌బాల్స్ ఒక్క ప్లేటు 62.5. మీరు 120 దగ్గర ఉండగా తింటే 30 మాత్రమే ఎక్కుతుంది, మిగతాది నేలపాలు. అందుకని 87కి దిగేదాకా మీ వైపు చూడకపోవడమే మర్యాద. దాచుకున్నా ఇబ్బందే: బెర్రీలు 6 రోజుల్లో, క్యారట్లు 10 రోజుల్లో కుళ్లిపోతాయి. తిండి బొమ్మ వెనక గడి పసుపు రంగుకి తిరిగితే ఆకలి తీర్చేది మూడింట రెండొంతులే, ఎర్రబడితే సగమే. జేబు నిండా బెర్రీలు మోసుకు తిరిగేవాడు నిజానికి మోస్తున్నది ఎరువు. బెర్రీలు జేబులో కన్నా పొద మీదే క్షేమంగా ఉంటాయి. కోయకపోతే కుళ్లవు.

మరి మిమ్మల్ని పస్తు పెట్టమంటున్నామా? లేదు. మీ నోరు మూయించడానికి ఒక పద్ధతుంది. దానికి మొదటి మూడు నాలుగు రోజులు మిమ్మల్ని పట్టించుకోకూడదు, అంతే.

మొదటి రోజు నడవాలి. బాట కనబడితే దాని మీదే నడవాలి, వేగం పెరుగుతుంది. దారిలో గడ్డి, పుల్లలు, చెకుముకిరాళ్లు ఏరాలి. గొడ్డలి, ఆ తర్వాత 2 పుల్లలు, 2 చెకుముకిరాళ్లతో పికాక్స్. పసుపు చారలున్న బండ కనబడితే ముందు దాన్ని పగలగొట్టాలి, బంగారం అందులోనే. 1 బంగారం, 4 దుంగలు, 4 రాళ్లతో కొత్త వస్తువులు చేయించే సైన్స్ మెషీన్. దీని పక్కన నిలబడి ఒక వస్తువు మొదటిసారి చేస్తే మెదడుకి 15 బోనస్ కూడా, ఆ తర్వాత అదే వస్తువు ఎక్కడైనా చేసుకోవచ్చు. కాబట్టి ఒకే చోట నిలబడి అన్నీ ఒక్క రోజే చేసెయ్యకుండా, మెదడు నీరసించినప్పుడల్లా ఒకటి చొప్పున వాడుకునే పిసినారులూ ఉన్నారు. వాళ్లది తెలివే. 4 గడ్డి, 4 పుల్లలతో బ్యాక్‌ప్యాక్ మాత్రం వాయిదా వెయ్యొద్దు, ఎనిమిది గదులు పెరుగుతాయి. ఈటెకి 2 పుల్లలు, 1 తాడు, 1 చెకుముకిరాయి. దెబ్బకి 34 చొప్పున 150 ప్రాణమున్న హౌండ్ ఐదు పోట్లకి పడుతుంది. పడ్డాక వదిలేది అదే మాన్‌స్టర్ మీట్. చూశారా, మీ భోజనం మిమ్మల్ని వెతుక్కుంటూ నాలుగు కాళ్ల మీద వస్తుంది, పొదల్లో వెతకనక్కర్లేదు.

ఇప్పుడు క్రాక్ పాట్, అంటే వంటపాత్ర. 3 కట్ స్టోన్, అంటే 9 రాళ్లు, 6 బొగ్గులు, 6 పుల్లలు. ఎక్కువమంది ఆగిపోయేది బొగ్గు దగ్గర. దుంగల్ని నెగట్లో వేస్తే బొగ్గు రాదు. నిలబడి ఉన్న చెట్టుకి కాగడా అంటించి, కాలిపోయాక ఆ మోడుని గొడ్డలితో కొడితే ఒక బొగ్గు రాలుతుంది. ఆరు చెట్లు దగ్గరదగ్గరగా ఉంటే ఒక్క కాగడాతో పని అయిపోతుంది. కాకపోతే ఆ గుంపు మీ పెట్టెలకీ పొదలకీ దూరంగా ఉండాలి, మంటకి మీ చెట్టూ పక్క చెట్టూ అన్న తేడా తెలియదు.

పాత్రలో నాలుగు గళ్లుంటాయి. ఒక మాన్‌స్టర్ మీట్, మూడు బెర్రీలు. మూత ఎగిరెగిరి పడుతుంది, 15 సెకన్లు. బయటికొచ్చేది మీట్‌బాల్స్: మీకు 62.5, గుండెకి 3, మెదడుకి 5. విడివిడిగా తింటే మాంసం 18.75, బెర్రీలు ఒక్కోటి 9.375, మొత్తం కలిపి 47 కూడా రాదు, పైగా శిక్ష. విషం అందులోనే మాయమైపోతుంది. తప్పు జరిగేది రెండు చోట్ల. రెండు మాన్‌స్టర్ మీట్‌లు వేస్తే మాన్‌స్టర్ లసాన్యా వస్తుంది, గుండెకి 20, మెదడుకి 20 కోత. ఖాళీ గడి పూరించడానికి పుల్ల వేస్తే మీట్‌బాల్స్ రావు. ఆ మాంసం కూడా లేని రోజు కుందేలు ఉంది కదా. 2 పుల్లలు, 6 గడ్డితో ఉచ్చు, కుందేలు బొరియ మీదే పెట్టాలి, ఎర అక్కర్లేదు. ఒక ఉచ్చు ఎనిమిదిసార్లు పనిచేస్తుంది. ఆ చిన్న మాంసం ముక్కకి కూడా మూడు బెర్రీలు కలిపితే అదే మీట్‌బాల్స్. అన్యాయమే, కానీ అది మనకి అనుకూలమైన అన్యాయం.

ఒక్క చోట మాత్రం మీ గోల న్యాయమే. కానీ అక్కడ మీరు గోల చెయ్యరు. 21వ రోజు చలికాలం. 15 రోజులు, రోజుకి 75, మొత్తం 1125. అంటే కచ్చితంగా 18 ప్లేట్ల మీట్‌బాల్స్. ఆ రోజుల్లో గడ్డి మొలవదు, పుల్లలు చిగురించవు, పొద కాయదు. రాత్రి 2 ముక్కల నుంచి 6 ముక్కలకి పెరుగుతుంది, 180 సెకన్లు, మూడు కాగడాలు. ఇరవయ్యో రోజు సాయంత్రం మీరు 140 చూపిస్తూ హాయిగా నవ్వుతుంటారు. పెట్టెలో ఎన్ని గడ్డి కట్టలున్నాయో, కుందేటి ఉచ్చులెన్నో, జెర్కీ అనే ఎండుమాంసం ఆరిందో లేదో తమరికి పట్టదు. 18 ప్లేట్లూ ముందే వండి పెట్టుకుందామన్నా కుదరదు, మీట్‌బాల్స్ 10 రోజులకే పాడవుతాయి. 20 రోజులు నిలిచేది ఎండబెట్టిన జెర్కీ. దాన్ని ఆరబెట్టే రాక్‌కి 3 పుల్లలు, 2 బొగ్గులు, 3 తాళ్లు, అంటే 9 గడ్డి. మిగతాది అప్పటికప్పుడు వండాలి. కుందేళ్లు చలిలోనూ తిరుగుతుంటాయి, బెర్రీల బదులు మంచు ముక్కలు మూడు వేసినా పాత్ర అభ్యంతరం చెప్పదు. గడ్డి మాత్రం ముందే దాచాలి, కాగడా కూడా అందులోంచే. మొక్కలు తవ్వి దగ్గరికి తెచ్చుకునేవాళ్లకి ఇంకో మాట: పుల్లల మొక్క నాటితే చాలు, గడ్డికీ బెర్రీ పొదకీ పేడ వేస్తేనే మళ్లీ కాపు. కాబట్టి బీఫలో అనే బొచ్చు పశువుల మందకి ఒక అరుపు దూరంలో ఇల్లు కట్టుకోవడం తిండి కోసం కాదు, పేడ కోసం.

కాబట్టి అయ్యా, మా విన్నపం చిన్నది. మీ పక్కన గడియారానికి కాస్త చోటివ్వండి. మొదటి మూడు నాలుగు రోజులు మీ ముఖం మీద ఒక ఆకు కప్పుకోండి. ఇప్పుడు మీరు 88 దగ్గర ఉన్నారు. పాత్ర మూత ఇంకా ఎగురుతోంది, సంధ్య ఆఖరి ముక్కలో ఉన్నాం. ముందు గడ్డి కోసుకొస్తాం.

ఇట్లు,
జేబులో ఒకే పుల్లతో చీకట్లో నిలబడ్డవాళ్ల సంఘం

తా.క.: ఉత్తరం ముగించేలోపు తమరు 86కి వచ్చారు. మీట్‌బాల్స్ సిద్ధం. తినేది కాగడా వెలిగించాకే.