పావుగంటలో అరకు

పావుగంట అంటే పదిహేను నిమిషాలని చిన్నప్పుడు మా లెక్కల మాస్టారు చెప్పారు. పాపం ఆయన విశాఖపట్నం నుంచి అరకు వన్‌డే ప్యాకేజీలో ఎప్పుడూ వెళ్ళలేదు. వెళ్ళుంటే పావుగంటల్లో మూడు రకాలున్నాయని ఆయనకీ తెలిసేది. కొండలు, తోటలు, గుహలు చూసే పావుగంట మొదటిది. ఇది పదకొండు నిమిషాలుంటుంది, బాత్రూం దగ్గర క్యూ కూడా అందులోనే. రెండోది భోజనం పావుగంట. సాంబారు వచ్చేసరికి అయిపోతుంది, పెరుగన్నం మన అదృష్టం. మూడోది షాపు పావుగంట. దీనికి అంతు లేదు. గైడు టీ తాగి, షాపాయనతో కుశలప్రశ్నలన్నీ ముగించి, చొక్కా జేబు సర్దుకుంటూ బయటికొచ్చేదాకా అది నడుస్తూనే ఉంటుంది.

ఈ కాలశాస్త్రం నాకు ఒక్క రోజులో ఒంటబట్టింది. డిసెంబరు సెలవులకి హైదరాబాద్ నుంచి మా ఆవిడ అన్నగారు కుటుంబంతో దిగారు. వైజాగులో ఉంటూ చుట్టాలకి అరకు చూపించకపోవడం తిరుపతిలో ఉంటూ లడ్డూ పెట్టకపోవడం లాంటిది. సొంతంగా వెళ్దాం, ఒక రాత్రి అక్కడ పడుకుందాం అన్నాను. ఆయన ఫోన్ తీసి నా ముక్కు దగ్గర పెట్టారు. "పది ప్లేసులు బావగారూ! పొద్దున్న రైలు, సాయంత్రం బస్సు, మధ్యలో భోజనం. మీరు చెప్పే లెక్కలో రెండు రోజులుండి నాలుగు చూస్తాం." ఆయనకి నేను బావగారిని, నాకు ఆయన బావగారు. ఇలాంటప్పుడు ఎవరి మాట చెల్లాలో మా ఆవిడ నిర్ణయిస్తుంది. టికెట్లు ఆ రాత్రే బుక్కయ్యాయి.

పొద్దున్న ఏడు కాకముందే కిరండూల్ రైలు కదిలింది. 1960ల్లో ఛత్తీస్‌గఢ్‌లోని బైలడిల్లా కొండల ఇనుప ఖనిజాన్ని విశాఖ రేవుకి దించి, అక్కడి నుంచి జపానుకి పంపడం కోసం వేసిన లైను ఇది. ఖనిజం కిందికి దిగుతుంది, మనం పైకి ఎక్కుతాం. రెండింటిలో ఖనిజానిదే సుఖమైన ప్రయాణం. దానికి గైడు ఉండడు.

మా గైడు కుర్రాడికి పాతికేళ్ళుంటాయి. టోపీ, మెడలో విజిల్, ఆ విజిల్‌ని మించిన గొంతు. "ఫ్రెండ్స్! అరకు వెళ్ళేలోపు మనకి బోలెడు టన్నెల్స్ వస్తాయి. ప్రతి టన్నెల్‌లో అందరూ అరవాలి. రెడీయా?" రెడీయే. అందరూ అరిచారు. చంటిపిల్లలు అరిచారు, బ్యాంకు మేనేజర్లు అరిచారు, మోకాళ్ళ ఆపరేషన్ చేయించుకుని ఆర్నెల్లు కాని ఒక పెద్దావిడ కూడా అరిచింది. ప్రతి సొరంగంలోనూ. ఆ కొండలు తొలిచినవాళ్ళు డైనమైట్లు పెట్టి కూడా ఇంత గోల చేసి ఉండరు. సొరంగానికీ సొరంగానికీ మధ్య కిటికీలోంచి లోయ కనపడుతుందిగానీ, అది జనం ఊపిరి తీసుకునే టైము.

అరకులో దిగాం. గిరిజన మ్యూజియం, పావుగంట. లోపల మట్టిబొమ్మలు పెళ్ళి చేసుకుంటున్నాయి, వేటకి వెళ్తున్నాయి, తిరగలి తిప్పుతున్నాయి. "ఎంత నేచురల్‌గా ఉన్నాయో!" అని మావాళ్ళు మురిసిపోయారు. బయట గేటు పక్కన అచ్చం అలాంటి ముక్కుపోగులతోనే ఒకావిడ కూర్చుని రాజ్మా గింజలు, పసుపు కొమ్ములు అమ్ముతోంది. ఆవిడ మరీ నేచురల్‌గా ఉంది కాబట్టి పది రూపాయలు తగ్గించమని బేరం పెట్టారు. పద్మాపురం గార్డెన్స్, పావుగంట. రెండో ప్రపంచయుద్ధం రోజుల్లో సైనికులకి కూరగాయలు పండించడానికి పెట్టిన తోట అంటారు. మేం అందులో టాయ్ ట్రైన్ ఎక్కాం. అంతకుముందే నాలుగు గంటలు అసలు ట్రైన్‌లో వచ్చామన్న సంగతి ఎవరికీ గుర్తు రాలేదు.

దారిలో వలిసె పూల పొలాలు పచ్చగా, కాదు, పసుప్పచ్చగా ఉన్నాయి. రైతులు తాడు కట్టి, లోపలికి వెళ్ళి ఫోటో దిగాలంటే మనిషికి ఇంత అని తీసుకుంటున్నారు. మా బస్సులో దీనిమీద పెద్ద చర్చ జరిగింది. పొలంలో నిలబడితే డబ్బులేంటి, దోపిడీ కాకపోతే! వలిసెలు నూనెగింజలని, కాళ్ళ కింద తొక్కితే గింజ కట్టదని, గింజ కట్టకపోతే ఆ ఇంట్లో ఆ ఏడాది నూనె డబ్బులు రావని నేను చెప్పబోయాను. ఈలోగా గైడు విజిలేశాడు.

అనంతగిరి కాఫీ తోటల్లోనూ పావుగంటే. సిల్వర్ ఓక్ చెట్లు, వాటికి అల్లుకున్న మిరియాల తీగలు, వాటి నీడలో ఎర్రటి పళ్ళతో కాఫీ మొక్కలు. మా బావగారు ఒక పండు కోసి కొరికారు. మొహం అదోలా పెట్టారు. "కాఫీ వాసనే లేదేంటి బావగారూ?" గింజ తీయాలి, ఎండబెట్టాలి, వేయించాలి, పొడి కొట్టాలి అన్నాను. "అదేంటి, చెట్టుకే ఉండదా?" అన్నారు. అరకు అరబికా కాఫీకి 2019లో జీఐ గుర్తింపు, అంటే ఈ సరుకు ఈ ప్రాంతానిదే అనే ముద్ర, వచ్చింది. ఆ గుర్తింపు గురించి మా గైడు ఎదురుగా ఉన్న షాపులో తీరిగ్గా, భక్తితో చెప్పాడు. అక్కడ యాభై ఐదు నిమిషాలున్నాం. కాఫీ పొడి, చాక్లెట్లు, తేనె, వెదురు పెన్ను స్టాండ్లు. ప్యాకెట్టు తిప్పి చూస్తే వెనకాల చిన్న అక్షరాల్లో, కాఫీలో కలిపే చికోరీ వేరు పొడి శాతం రాసుంది. అది కూడా అరకులోనే పండిందా అని అడిగాను. గైడు నన్ను ఆ తర్వాత "అంకుల్" అనడం మానేసి "సార్" అన్నాడు. మంచిదే.

ఇక బొర్రా గుహలు. ఈ ముక్క కోసమే ఈ వ్యాసం మొదలుపెట్టానని ఇప్పుడు ఒప్పుకుంటాను.

బొర్రా అంటే ఏమిటి? కొండలోకి ఇంకిన వాననీరు సున్నపురాయిని కరిగించుకుంటూ బొట్టు బొట్టుగా కారుతుంది. ప్రతి బొట్టూ తనతో తెచ్చిన సున్నాన్ని కంటికి ఆననంత వదిలి పోతుంది. అలా వేల ఏళ్ళు. పైనుంచి ఒక కొమ్మ దిగుతుంది, కిందనుంచి ఒక మొగ్గ లేస్తుంది, ఎప్పుడో ఒకనాటికి రెండూ కలిసి స్తంభమవుతాయి. ఆ చీకట్లో నోరు మూసుకుని నిలబడితే ఇప్పటికీ ఎక్కడో ఒక బొట్టు పడ్డం వినిపిస్తుంది. అంత నిదానంగా జరిగే పని ఈ లోకంలో ఇంకొకటి లేదు, సివిల్ కోర్టులో భూమి కేసు తప్ప. ఆ గుహలకి మాకిచ్చింది పావుగంట.

గైడు టార్చి వెలిగించాడు. "ఫ్రెండ్స్, అదిగో శివపార్వతులు."

"ఎక్కడ?"

"అక్కడే మేడం, టార్చి చూడండి."

"టార్చి కనపడుతోంది బాబూ, శివుడు ఎక్కడ?"

"ఆ ఉబ్బు శివుడు మేడం, పక్కన వంపు పార్వతి. కనిపించారా? నెక్స్ట్, తల్లీబిడ్డ. నెక్స్ట్, ఋషి గడ్డం."

"ఋషి ఏడీ?"

"ఋషి లేడు సార్, గడ్డమే."

మొసలి వచ్చింది. పులి వచ్చింది. మనిషి మెదడు వచ్చింది. మెదడు దగ్గర జనం ఎక్కువసేపు ఆగారు, అలవాటు లేని వస్తువు కాబట్టి. పుట్టగొడుగు వచ్చింది. ఏ రాయీ రాయిలా ఉండటానికి వీల్లేదు. ఒక మూల ఏ పోలికా లేకుండా, ఏ లైటూ పడకుండా ఒక పెద్ద బండ నిలబడి ఉంది. మా బావగారి చిన్నబ్బాయి "అన్నా, అదేంటి?" అన్నాడు. గైడు ఒక్క క్షణం తడబడ్డాడు. టార్చి పైకీ కిందికీ ఆడించాడు. నలభై మంది ఊపిరి బిగబట్టి చూస్తున్నారు. "అది... అది సోఫా" అన్నాడు. వెంటనే ఆరుగురు సోఫా పక్కన నిలబడి ఫోటో దిగారు. ఒకావిడ "త్రీ సీటరా?" అని కూడా అడిగింది. నేను నవ్వానని మా ఆవిడ మోచేత్తో పొడిచింది.

తర్వాత చరిత్ర. "ఈ గుహల్ని 1807లో జియలాజికల్ సర్వే ఆఫ్ ఇండియాకి చెందిన విలియం కింగ్ కనిపెట్టారు ఫ్రెండ్స్." ఈ వాక్యం ఆ కుర్రాడిది కాదు, నెట్‌లో నూరు చోట్ల ఉంది. చిన్న చిక్కేంటంటే, జియలాజికల్ సర్వే ఆఫ్ ఇండియా పుట్టిందే 1851లో. అంటే ఆ దొరగారు ఆఫీసు పుట్టడానికి నలభై నాలుగేళ్ళ ముందే డ్యూటీలో చేరిపోయి, టూరేసుకుని, గుహ కనిపెట్టి, టీఏ బిల్లు పెట్టుకుని ఉండాలి. ఈ మాట మెల్లగా గైడుతో అన్నాను. "గూగుల్‌లో కూడా అదే ఉంది సార్" అన్నాడు. గూగుల్ తర్వాత అప్పీలు లేదు.

అసలు ఆ ఊరివాళ్ళు చెప్పే కథ వేరే ఉంది. మేతకెళ్ళిన ఆవు పైనున్న కంతలోంచి గుహలో పడిపోయింది, వెతుక్కుంటూ దిగిన కాపరికి శివలింగం కనిపించింది, గోస్తనీ నది పేరు అలా వచ్చింది అంటారు. నమ్మండి, మానండి, ఆ కథలో గుహలోకి దిగినవాడు ఆ కొండమీది మనిషి. పశువులు కాసుకునేవాడు ముందే చూసిన చోటుని దొర వచ్చి "కనిపెట్టాడు" అనడానికి మనకి ఇన్నేళ్ళుగా నోరెలా వస్తోందో నాకు అర్థం కాదు. ఇంకొకటి కూడా గైడు చెప్పలేదు. 1997లో సుప్రీంకోర్టు, సమతా అనే స్వచ్ఛంద సంస్థ వేసిన కేసులో తీర్పిచ్చింది. గిరిజనుల రక్షణ కోసం రాజ్యాంగం కింద ప్రకటించిన షెడ్యూల్డు ప్రాంతంలో ప్రభుత్వ భూమైనా సరే, గిరిజనేతరులకీ ప్రైవేటు కంపెనీలకీ గనుల కోసం లీజుకివ్వడానికి వీల్లేదంది. దేశంలోని లా కాలేజీల్లో చదివే తీర్పు. అది ఈ అనంతగిరి మండలంలోని గనుల గొడవే, ఈ బొర్రా చుట్టూ ఉన్న ఊళ్ళ గొడవే. గుహలోంచి బయటికొచ్చి తలెత్తితే కనిపించే కొండలు అవే. సోఫాకి టైముంది. దానికి లేదు.

గిరిజనుల థింసా నాట్యం సంగతి కావాలనే వెనక్కి నెట్టాను, నిజానికి అది మధ్యాహ్నం భోజనాలయ్యాక జరిగింది. చైత్రమాసంలో, పెళ్ళిళ్ళలో, ఊరంతా చేతులు నడుముల వెనక కలుపుకుని ఆడే ఆట అది. మోరీ, కిరిడీ, తుడుం మోగుతుంటే పాములా మెలికలు తిరుగుతూ సాగుతుంది. మా కోసం రిసార్టు పార్కింగ్‌లో ఆడారు, రెండు మినీ బస్సుల మధ్య, పావుగంట. అయిదో నిమిషానికి మావాళ్ళు వరసలో దూరారు, రీల్స్ కోసం. పదో నిమిషానికి వరస మొత్తం మావాళ్ళే. ఒకాయన, జీతం పెన్షనూ రెండూ పుచ్చుకునే మొహం, చివర ఉన్న ముసలావిడ దగ్గరికెళ్ళి "ఏయ్, కొంచెం నవ్వు, వీడియో వస్తోంది" అన్నాడు. ఏయ్ అట. వాళ్ళమ్మ వయసు ఆవిడది. ఆట అయ్యాక ఆవిడ మెట్టు మీద కూలబడి కాళ్ళు పిసుక్కుంటుంటే అడిగాను, ఇవాళ ఎన్నోసారి అమ్మా అని. "ఏడో బస్సు బాబూ" అంది. అని, ఎనిమిదో బస్సు హారన్ వినపడితే లేచింది.

నాకిక వ్యంగ్యం చేతకావడం లేదు, క్షమించాలి.

బొర్రా నుంచి దిగేసరికి చీకటి పడింది. బస్సులో అంత్యాక్షరి. ఘాట్‌లో ఒక మలుపు దగ్గర డ్రైవరు బ్రేకేశాడు. ముందు 108 అంబులెన్స్ రోడ్డుకి అడ్డంగా నిలబడి ఉంది. పక్కనున్న తుప్పల్లోంచి, దారి అని కూడా అనలేని దారిలోంచి, టార్చిలైట్లు దిగుతున్నాయి. తర్వాత మనుషులు. లావుపాటి కర్రకి దుప్పటి కట్టి, ముందొకరు, వెనకొకరు. డోలీ. దుప్పట్లో ఒకమ్మాయి నెలలు నిండి ఉంది. వెనకాల ఒక ముసలాయన ఆమె చెప్పులు చేత్తో పట్టుకుని దిగుతున్నాడు. ఎంతసేపటి నుంచి నడుస్తున్నారని డ్రైవరు అడిగితే, పొద్దు వాలకముందు బయల్దేరామన్నాడు.

మనం సూర్యుణ్ణి చూడ్డానికి వ్యూ పాయింట్ దాకా తారు రోడ్డు వేశారు. రెయిలింగు పెట్టారు, ఐ లవ్ అరకు అని అక్షరాలు పెట్టారు, వాటిలో లైట్లు పెట్టారు. ఆ లైట్ల కరెంటుకయ్యే డబ్బుతో కాకపోవచ్చు, కానీ ఆ పట్టుదలలో పదో వంతుతో ఆ అమ్మాయి ఊరికి రోడ్డు పడేది. పేపర్లో ఈ డోలీ మోతల ఫోటో ఏడాదికి ఎన్నిసార్లు వస్తుందో మనకి లెక్క తెలియదు. పేజీ తిప్పేస్తాం కాబట్టి తెలియదు. బస్సులోంచి నలుగురైదుగురు ఫోన్లు బయటపెట్టారు. "జూమ్ చెయ్, జూమ్ చెయ్" అంటోంది ఒక గొంతు. దించండి ఆ ఫోన్లు అని అరిచాను. అన్ని సొరంగాల్లో నోరు విప్పని వాణ్ణి అప్పుడు అరిచాను. దించారు, ఒకరిద్దరు.

అంబులెన్స్ తలుపు పడింది, కదిలింది. అంతా కలిపి నాలుగు నిమిషాలు కూడా పట్టలేదు. గైడు వాచీ చూసుకుని, "లేటేం కాలేదు ఫ్రెండ్స్, కవర్ చేసేద్దాం" అన్నాడు. పాట ఎక్కడ ఆగింది అని ఎవరో అడిగారు.

"మ" దగ్గర ఆగింది. మా బావగారు అందుకున్నారు.