సవరణ: 'బన్షున్'లో తండ్రి రెండో పెళ్లి చేసుకోడు

జపాన్ దర్శకుడు యసుజిరో ఓజు తీసిన 'బన్షున్' (1949) సినిమా గురించి మొన్న రాస్తూ, తండ్రి మళ్లీ పెళ్లి చేసుకున్నాడు కాబట్టే కూతురు నొరికో అత్తారింటికి వెళ్లిందన్నాను. తప్పు నాదే. తండ్రి షుకిచి పెళ్లి చేసుకోడు. తనని వదిలి వెళ్లనని మొండికేసిన కూతుర్ని ఒప్పించడానికి, చేసుకుంటానని అబద్ధం చెబుతాడు, అంతే. కూతురి పెళ్లయ్యాక ఆమె స్నేహితురాలు ఆయా దగ్గర ఆ సంగతి ఒప్పుకుంటాడు. ఆ రాత్రి ఖాళీ ఇంట్లో ఒక్కడే కూర్చుని యాపిల్ తొక్క తీస్తూ తీస్తూ ఆగిపోతాడు, తల వాలిపోతుంది. ఇంకో భార్య వచ్చి ఉంటే ఆ సీన్‌కి అర్థమేముంది? ఇంత పెద్ద విషయం ఎలా మిస్సయ్యానో!

పెళ్లికొడుకుది చిన్న పాత్ర అనీ రాశాను. అసలు అతను తెర మీద కనిపించనే కనిపించడు. హాలీవుడ్ నటుడు గ్యారీ కూపర్‌లా ఉంటాడని మేనత్త మురిసిపోవడమే మనకు మిగిలేది.

ఇంకొకటి. ఓజుదే 1953 నాటి సినిమా 'టోక్యో మోనోగతారి'లో నొరికో ఈమె కాదు. అక్కడ ఆమె యుద్ధంలో భర్తను పోగొట్టుకున్న కోడలు. పేరు ఒకటే, నటి సెట్సుకో హరా కూడా ఒకరే, కథలు వేరు. రెండింటినీ కలిపి "కొనసాగింపు" అన్న వాక్యం తీసేశాను.