మైసూరు పేటా వారికి ఓ కార్యకర్త విన్నపం

సన్మానాల్లో తల మీద పెట్టే తలపాగా, మహారాజశ్రీ మైసూరు పేటా వారి దివ్యసముఖానికి,

బెంగళూరులోని ఒక తెలుగు సంఘంలో కుర్చీలు వేసే పనితో మొదలై, ప్రస్తుతం సన్మాన సామగ్రి చూసుకునే స్థాయికి ఎదిగిన సామాన్య కార్యకర్త నమస్కరించి రాసుకునే విన్నపం. తమరు మా ఇంటి అటక మీద, శాలువాల కట్ట పక్కన, అట్టపెట్టెలో క్షేమం. కింద మేం అంత క్షేమంగా లేము.

తమరిది గొప్ప వంశం. మైసూరు రాజులు ఒడెయార్ల దర్బారులో వెలిగినవారు. తమరు తల మీద లేని ఫొటో చూపిస్తే మోక్షగుండం విశ్వేశ్వరయ్య గారిని మాలో సగంమంది గుర్తుపట్టరు. ఆయన పూర్వీకులు గిద్దలూరు దగ్గరి మోక్షగుండం వాళ్లు కాబట్టి ఆయన మనవాడేనని ప్రతి ఉగాదికీ వేదికెక్కి చెప్పుకుంటాం. ఆయన దివానుగా ఉండగా 1915లో కన్నడ సాహిత్య పరిషత్తు, 1916లో మైసూరు విశ్వవిద్యాలయం వచ్చాయి. చదువూ సంస్కృతీ రెండూ పట్టించుకున్న ఆ తల మీద తమరు కూర్చున్నారు. చిక్కంతా అక్కడే మొదలైంది. ఆ ఫొటో చూసినవాళ్లకి, ముందు పేటా పెట్టించుకుంటే మిగతావి వాటంతటవే వస్తాయన్న నమ్మకం కుదిరింది.

మా వ్యవస్థాపక అధ్యక్షులవారు తమరికి కొత్త కాదు. మాజీ ఉపకులపతి. ఏ యూనివర్సిటీకి అన్నది నేను చెప్పను, ఆయనా చెప్పరు. "నేను వీసీగా ఉన్న రోజుల్లో" అంటారంతే. రిటైరయ్యాక కొన్నాళ్లు ఇంట్లో కూర్చున్నారు. గేటు దగ్గర లేచి నిలబడేవాడు లేడు. ఫైలు పట్టుకుని వెనక నడిచేవాడు లేడు. తెలుగు సంస్కృతి ప్రమాదంలో పడిందని ఆయనకి అప్పుడు తెలిసింది. వెంటనే మూడు రోజుల సాంస్కృతికోత్సవం స్థాపించారు.

ఏటా మొదటిరోజు ఆయన జీవిత చరిత్ర చదువుతాం. మారుమూల పల్లె, కిరసనాయిలు బుడ్డి, అందులో నూనె అయిపోతే వీధి దీపం. (మన మహానుభావులంతా వీధి దీపాల కిందే చదువుకున్నారు. మా లేఅవుట్‌లో పిల్లలకి ఆ అదృష్టం లేదు, ఒక్కటీ వెలగదు.) మొదట్లో ఒక పేజీ ఉండేది, ఇప్పుడు నాలుగైంది. మనిషి రిటైరయ్యాక కూడా బాల్యం పెరుగుతూ పోవడం ఈయన దగ్గరే చూశాను. పోయినేడు కొత్తగా ఒక వాగు వచ్చి చేరింది. దాన్ని ఈదుకుంటూ బడికి వెళ్లేవారట. మా ఊళ్లో వాగెక్కడిదని ఆయన సొంత తమ్ముడే నా పక్కన కూర్చుని గొణిగాడు. ఆ తమ్ముడికీ ఆ సాయంత్రం తమర్ని పెట్టాం. గొణుగుడు ఆగిపోయింది.

తమరి మహిమని దగ్గరనుంచి చూసేవాణ్ని నేనే. చిక్కపేట సందుల్లో తమర్ని డజన్ల లెక్కన కొనుక్కొస్తాను. లోపల అట్ట, పైన పట్టులా మెరిసే గుడ్డ, ముందు జరీ అంచు, వెనక చిన్న తోక. అందరికీ ఒకటే సైజు, అందుకని ఎవరికీ సరిపోరు. ఇంజినీరు గారికి కనుబొమల దాకా దిగుతారు. డాక్టరు గారికి నడినెత్తిన నిలబడి ఊగుతారు, ఆయన మెడ తిప్పకుండా కళ్లతోనే నమస్కారం పెడతారు. తమర్ని పెట్టడానికి ఒకరు చాలు కానీ అయిదుగురు చెయ్యేస్తారు, ఫొటోలో పడాలిగా. ఆ చేతుల మధ్య సన్మానం పొందినాయన మొహం కనబడదు. "సార్, ఇటు, ఇటు" అని ఫొటోగ్రాఫరు అరుస్తాడు, అందరూ ఇటే చూస్తారు, సన్మానితుడు తప్ప. ఒకసారి లోపల ధర చీటీ పీకడం మర్చిపోయారు. అది ముఖ్య అతిథి చెవి పక్కన వేలాడుతూ ప్రసంగమంతా వింది. హాల్లో మేలుకుని విన్నది అదొక్కటే.

అసలు సంగతికొస్తాను. పోయినేడు రెండోరోజు తోలుబొమ్మలాట పెట్టాం. అనంతపురం వైపునుంచి వచ్చారు. పెద్దాయన, కొడుకు, కోడలు, మద్దెల వాయించే మేనల్లుడు. రాత్రంతా బస్సులో కూర్చుని, మేకతోలు బొమ్మల్ని వెదురు బుట్టలో ఒళ్లో పెట్టుకుని తెచ్చారు. సుందరకాండ అనుకున్నాం. పెద్దాయన గంట అడిగారు, మేం నలభై నిమిషాలన్నాం. ఇంతలో సన్మానాల జాబితా పెరిగింది. బిల్డరు గారు, బిల్డరు గారి వియ్యంకుడు, కేటరింగ్‌లో డిస్కౌంట్ ఇచ్చినాయన. నలభై కాస్తా పదిహేనైంది. వాళ్లు తెల్లతెర కడుతుంటే వ్యవస్థాపకులవారు నన్ను పిలిచారు.

"ఏమయ్యా, ఆ గుడ్డ కడితే వెనక ఫ్లెక్సీ కనబడదు కదా?"

"తెర లేకపోతే ఆట ఎలా సార్?"

"బొమ్మలు చేత్తో పట్టుకుని ఆడించమను. జనానికి ఇంకా బాగా కనబడతాయి."

తెర సగమే కట్టాం. పైసగంలో వ్యవస్థాపకులవారి నవ్వుమొహం, కిందిసగంలో హనుమంతుడు. సముద్రం దాటడానికి ఎగిరినప్పుడల్లా ఆయన గడ్డం దగ్గర మాయమయ్యాడు. లంక చేరనేలేదు. హాలు వాళ్లు తొమ్మిదింటికి లైట్లు తీసేశారు. పెద్దాయన ఏమీ అనలేదు. బొమ్మలు తుడిచి, ఒక్కొక్కటే మధ్యలో పాత చీర పేలిక వేసి బుట్టలో సర్దుకున్నారు. తమర్ని ఆయనకీ పెడదామని పరిగెత్తాను. డజను అయిపోయింది.

ఇదే ఊళ్లో ఇంకో ఉపకులపతి ఉండేవారు, డాక్టర్ హెచ్. నరసింహయ్య. గౌరిబిదనూరు తాలూకా హోసూరు మనిషి. హిందూపురం దాటగానే వచ్చే ప్రాంతం, సంతలో తెలుగు వినబడే వైపు. 1935లో చదువుకోసం అక్కణ్నుంచి బెంగళూరుకి నడిచొచ్చారు. ఈ నడక నిజమైనదే, మా యాంకరు రాసింది కాదు. మరుసటేడు గాంధీగారు నేషనల్ హైస్కూలుకి వస్తే ఆయన హిందీ మాటల్ని కన్నడంలో చెప్పిన కుర్రాడు ఈయనే. 1942 ఉద్యమంలో జైలు. ఆ తర్వాత అమెరికా వెళ్లి ఒహాయో స్టేట్ యూనివర్సిటీలో న్యూక్లియర్ ఫిజిక్స్‌లో పీహెచ్‌డీ. బసవనగుడి నేషనల్ కాలేజీకి ప్రిన్సిపాలు, 1970ల్లో బెంగళూరు యూనివర్సిటీకి వీసీ. పెళ్లి లేదు, ఇల్లు లేదు. కాలేజీ హాస్టల్లో ఒక గది. నేను చూసిన ఫొటోలన్నిట్లో తల మీద ఖద్దరు టోపీయే. అక్కడ తమరికి పెద్దగా పని తగిలి ఉండదు.

ఉత్సవాలు ఆయనా పెట్టారు. 1962లో బెంగళూరు సైన్స్ ఫోరం మొదలుపెట్టి, జూలై వస్తే రోజుకో ఉపన్యాసంతో సైన్సు పండగ చేయించారు. లలితకళా పరిషత్తు పెట్టి సంగీత నాటకాలకి చోటిచ్చారు. 1976లో వీసీ కుర్చీలో ఉంటూనే మహిమలు, మూఢనమ్మకాల మీద విచారణ కమిటీకి అధ్యక్షత వహించి, పుట్టపర్తికి లేఖలు రాశారు. జవాబు రాలేదు. మా వీసీగారు పదవిలో ఉండగా రాసినవాటన్నిటికీ తిరుగు టపాలో జవాబులొచ్చేవి, అన్నీ "చిత్తం" అనే. నరసింహయ్య గారు 2005లో పోయారు, ఫోరం ఉపన్యాసాలు ఆగలేదు. మా ఉత్సవం వ్యవస్థాపకులవారికి జలుబు చేస్తే వాయిదా పడుతుంది.

మొన్నటి మీటింగులో మా వ్యవస్థాపకులవారు, చామరాజపేట రామసేవా మండలి 1939 నుంచి రామనవమికి కచేరీలు నడుపుతోంది, మనం వాళ్లని మించాలి అన్నారు. ఎందులోనో చెప్పలేదు. సన్మానాల్లో ఎప్పుడో మించాం.

అందుకని తమరికి నాదొక మనవి. ఈసారి కాస్త బిగుతుగా తయారై రండి. కణతలు నొక్కుకుపోతే పెద్దలు ప్రసంగం కుదించి, తమర్ని తీసి ఒళ్లో పెట్టుకుని, సీట్లో కూర్చుంటారు. తోలుబొమ్మలవాళ్లని మళ్లీ పిలిచాం. పెద్దాయన ఫోన్లో ఒకటే అడిగారు, తెర పూర్తిగా కట్టనిస్తారా అని. కట్టనిస్తామని నేనే మాటిచ్చేశాను, ఫ్లెక్సీ సంగతి ఆరోజు చూసుకోవచ్చు.

ఇట్లు,
తమ విధేయుడు,
కార్యవర్గ సభ్యుడు (పేటాలు, శాలువాలు, పండ్ల బుట్టలు)

తా.క.: తమరి బిల్లు ఏ పద్దు కింద రాయాలని ట్రెజరరు గారిని అడిగాను. ఎప్పటిలాగే "కళాకారుల పారితోషికం" కింద రాసెయ్యమన్నారు.