కాస్త వంగితే గౌరవం కనిపిస్తుంది

తమ భవనాలు కట్టిన బానిసలను ఎలా స్మరించుకోవాలో తోచక ఇబ్బంది పడుతున్న విద్యాసంస్థలన్నీ ఒకసారి అమెరికాలోని చాపెల్‌హిల్ వెళ్లి రావాలి. అక్కడి నార్త్ కరోలినా విశ్వవిద్యాలయం తొలి భవనానికి 1793లో శంకుస్థాపన చేసిన విలియం డేవీ పేరు చరిత్రలో భద్రంగా ఉంది. రాళ్లెత్తిన కూలీల్లో బానిసలూ ఉన్నారని స్మారకం కట్టి ఒప్పుకోవడానికి మాత్రం రెండు వందల ఏళ్లు దాటింది. పెద్ద పనులు నిదానంగానే జరగాలి మరి.

2002లో పట్టా పుచ్చుకున్న విద్యార్థుల కానుకగా 2005లో ఆ స్మారకం వెలిసింది. దాని రూపం ఏమిటనుకున్నారు? గుండ్రటి నల్లరాతి బల్ల. కింద మూడు వందల చిన్న కంచు మనుషులు చేతులెత్తి దాన్ని మోస్తుంటారు. చుట్టూ కూర్చోడానికి రాతి పీటలు. బల్లమీద చెక్కిన మాటల్లో వాళ్లను ఏకంగా 'స్థాపకులు' అన్నారు. స్థాపకుల దర్శనం కావాలంటే నడుం వంచక తప్పదు. ఆ వంగడాన్నే నమస్కారం కింద జమ వేసుకోవచ్చు. శిల్పి ఉద్దేశం మంచిదే, కాదనను. కానీ విద్యార్థులకు ఆకలేస్తుంది కదా! బల్ల కనిపిస్తే లంచ్‌బాక్సు తెరుస్తారు, కాళ్లు చాపుతారు. కంచు మనుషులు మాత్రం సెలవు లేకుండా డ్యూటీలోనే ఉన్నారు.

అదే పచ్చికలో అప్పటికే ఇంకో స్మారకం ఉండేది. అమెరికా అంతర్యుద్ధంలో బానిసత్వాన్ని నిలబెట్టుకోవడానికి పోరాడిన దక్షిణాది రాష్ట్రాల సైన్యం గుర్తుగా 1913లో పెట్టిన సిపాయి విగ్రహం. ముద్దుపేరు సైలెంట్ సామ్. దానికి ఎత్తైన పీఠం. అక్కడ ఎవరూ టిఫిన్ డబ్బా పెట్టలేకపోయేవారు. ఆవిష్కరణ సభలో జూలియన్ కార్ అనే పెద్దమనిషి, తాను యుద్ధం నుంచి తిరిగొచ్చిన కొత్తలో అక్కడికి వంద గజాల దూరంలోనే ఒక నల్లజాతి స్త్రీని బట్టలు పీలికలయ్యేదాకా కొరడాతో కొట్టానని గొప్పగా చెప్పుకున్నాడు. ఇలాంటి ముఖ్య అతిథులు ఇప్పుడెక్కడ దొరుకుతారు!

2018 ఆగస్టులో జనం ఆ సిపాయికి తాళ్లు కట్టి కిందికి లాగేశారు. పైనున్న పాలకమండలి మనసు కలుక్కుమంది. 2019లో విగ్రహంతోపాటు దాని ఆలనాపాలనకు 25 లక్షల డాలర్లు కూడా దక్షిణాది సైనికుల వారసుల సంఘానికి అప్పగించింది. పడ్డవాడికి పింఛను, మోసేవాళ్లకు బరువు, న్యాయమే. మరుసటి ఏడు కోర్టు ఆ ఒప్పందాన్ని కొట్టేసింది. కోర్టులకు కళాభిమానం తక్కువ.

నాదొక చిన్న సూచన. ఆ బల్లను సిపాయి పీఠమంత ఎత్తుకు లేపండి. కంచు మనుషులు కళ్లెదుట ఉంటారు, ఎవరి కాళ్లూ అందవు. పక్కనున్న క్యారీ ఊరి నుంచి పట్టా పండక్కి వచ్చే మన తెలుగు తల్లిదండ్రులకు పులిహోర డబ్బా పెట్టుకునే చోటు పోతుందన్నది నిజమే. వాళ్ల అభ్యంతరాలు వినడానికి ఒక కమిటీ వేయండి. కమిటీ కూర్చోవాలంటే మళ్లీ ఒక బల్ల కావాలి, టెండర్లు పిలవండి.