సవరణ: హనోయ్ డే టూర్‌లో హో చి మిన్ సమాధి

వియత్నాం రాజధాని హనోయ్‌లో రోజంతా తిప్పే గ్రూప్ టూర్ గురించిన ముందు పోస్టులో "ఏ రోజు వెళ్లినా హో చి మిన్ భౌతికకాయాన్ని చూడొచ్చు" అని ఉంది. ఆ వాక్యం తీసేశాను. ఆ దేశ స్వాతంత్ర్య నాయకుడైన హో చి మిన్ సమాధి మందిరంలోకి సోమ, శుక్రవారాల్లో వదలరు. మిగతా రోజుల్లో కూడా ఉదయం పూటే. ఏటా నిర్వహణ పనుల కోసం కొన్ని వారాలు పూర్తిగా మూసేస్తారు, ఎక్కువగా వేసవిలో.

అసలు చిక్కు బస్సుతో. హోటల్ హోటల్‌కీ ఆగి అందరినీ ఎక్కించుకునేసరికి సమాధి దగ్గర క్యూ పెరిగిపోతుంది, గైడ్‌కి టెన్షన్ మొదలవుతుంది. అందుకే ప్రోగ్రాంలో సమాధి ముందున్న మైదానం పేరు, "బా దిన్ స్క్వేర్" అని మాత్రమే రాసి ఉంటే, సమాధి లోపలికి తీసుకెళ్తారా అని డబ్బు కట్టకముందే అడగండి. 1945 సెప్టెంబర్ 2న హో చి మిన్ వియత్నాం స్వాతంత్ర్య ప్రకటన చదివిన చోటు అది, బయటి నుంచి చూసినా బాగుంటుంది. కానీ మైదానం చూడటం, సమాధి లోపలికి వెళ్లడం ఒకటి కాదు. లోపలికైతే నిక్కర్లు, చేతుల్లేని బట్టలు కుదరవు, ఫొటోలు కూడా తీయనివ్వరు.

ఇంకొకటి: హనోయ్‌లోనే ఉన్న పాత కన్ఫ్యూషియస్ ఆలయం టెంపుల్ ఆఫ్ లిటరేచర్‌లో రాతి తాబేళ్ల మీద నిలబెట్టిన 82 శిలాఫలకాల్లో ఉన్నది ముందు రాసినట్టు రాజుల జాబితా కాదు, రాజ్యస్థాయి పరీక్షలు నెగ్గిన పండితుల పేర్లు. వ్యాఖ్యల్లో ఈ సంగతి చెప్పినవాళ్లది కరెక్టే.